హరీశ్ పీకిన బలురక్కసి

రండమ్మా, రండప్పా, ఇంకొంచెం దగ్గరికి జరిగి కూర్చోండి. కదిరి నరసింహస్వామిని ఒకసారి తలుచుకోండి. ఆయన గోళ్లు తలుచుకున్నవాళ్లే ఈ కథ వినగలరు.

ఆనేకల్ దాటినాక కదిరమ్మకు రెండెకరాల మేతబీడు, మూడావులు. తెల్లవారగానే ఆమె బీడంతా తిరిగి కలుపు చూసేది. ఆ ఇంట్లో ఎవరు ఎవరిని కొట్టినా మర్నాటికి బీడులో బలురక్కసి అనే ముళ్లమొక్క ఒకటి మొలుస్తుంది. కొట్టిన చెయ్యి పీకితేనే వేరుతో వస్తుంది. పీకినప్పుడు ఆ దెబ్బ తిరిగొచ్చి కొట్టినవాడికే తగులుతుంది. ఊరందరికీ తెలిసిందే. కదిరమ్మ మొగుడు పిల్లప్ప ఒక్కటీ పీకకుండానే పోయాడు. అతని దెబ్బలు ఇప్పటికీ ప్రతి వానకూ మొలుస్తాయి, పీకే చెయ్యి లేదు.

కొడుకు హరీశ్ మహదేవపురలో నీళ్ల ట్యాంకర్ తోలతాడు. ఫోనెత్తలేదని ఒకనాడు పెళ్లాం మునిలక్ష్మిని చెంపమీద కొట్టాడు. మర్నాడు కదిరమ్మ కొడుకును బీడులోకి పిలిచి, మోకాళ్లమీద కూర్చుంది. నేలకంటుకున్న ముళ్ల ఆకు, తెల్లటి ఈనెలు. కొన గిల్లితే పసుపుపాలు కారాయి.

"ఇది మీ నాయనది కాదురా. ఆయనది ఎడమచేతి వాటం, ఆయన ఆకులు ఎడమకు తిరిగుంటాయి. ఇది నీది. పూత రాకముందే పీకెయ్."

కంచె అవతల పక్కింటి రామాంజినప్ప నవ్వాడు. "చెంపదెబ్బేనా హరీశప్పా? ఆకు చిన్నదిగా ఉండాది."

హరీశ్‌కు సిగ్గేసింది. కొడవలితో మొక్క తల నరికేశాడు. వారానికి ఆ మోడులోంచే అయిదు కొమ్మలు లేచాయి. ఆ తర్వాత అదే వాడుక: కొట్టేది, నరికేది. బీడంతా ముళ్లయింది. ఆవు మూతి చీరుకుని మేత మానేస్తే, దాన్ని కూలబడేదాకా బాదాడు. అడ్డమొచ్చిన మునిలక్ష్మి మీదికి కొడవలి విసిరాడు. ఆమె ఎడమచెవి రెండుగా చీలింది.

తెల్లారేసరికి బీడు నడుమ రొమ్మెత్తు మొక్క, మొగ్గలతో. చెవికి గుడ్డ కట్టుకుని మునిలక్ష్మి మూట పట్టుకుంది.

"పోతా ఉండా అత్తా. ఈసారి చెవి. వచ్చేసారి గొంతు."

"పోమ్మా. కొంచేపు నిలబడి చూసి పో."

కదిరమ్మ కొడుకును జుట్టు పట్టి ఈడ్చుకొచ్చింది. అతని కుడిచేతిని ముళ్లలోంచి మొదట్లోకి నొక్కింది.

"కొనలు కోసింది చాలు. వేరు పట్టు."

"నొస్తుంది మా."

"మునిలక్ష్మికి నొయ్యలేదా?"

పీకాడు. మూరెడు వేరు పైకొచ్చింది. ఆ క్షణమే అతని ఎడమచెవి చీలి, నెత్తురు మెడమీదికి కారింది. కదిరమ్మ వదల్లేదు. తర్వాతి మొక్కకు దవడ. ఆ పైదానికి పక్కటెముక. ఆవును బాదిన దెబ్బల మొక్కలు పీకినప్పుడు నేలమీద పడి పొర్లాడు. అరచేతుల్లో నెత్తురూ పసుపుపాలూ కలిసిపోయాయి. మధ్యాహ్నానికి అతనివి ఒక్కటీ మిగల్లేదు. మునిలక్ష్మి అంతా చూసి, మూట తీసుకుని ఆనేకల్ బస్సెక్కింది. అక్కడే మగ్గాల పనిలో కుదిరింది.

రెండేళ్ల వానలకు పిల్లప్పవి మొలిచాయి. హరీశ్‌ది ఒక్కటీ లేదు. అప్పుడు కదిరమ్మ ఆనేకల్ పోయింది.

"బీడంతా చూసి వచ్చినా, వాడిది ఒక్కటీ మొలవలేదు. రావాలనుంటే రా, లేదంటే నీ ఇష్టం."

"నా కండ్లతో చూడాల," అంది మునిలక్ష్మి.

వచ్చింది. హరీశ్ వైపు చూడకుండా బీడులోకి దిగి, మోకాళ్లమీద పాకుతూ ప్రతి ఆకూ తిప్పి చూసింది. అన్నీ ఎడమకే తిరిగున్నాయి. లేచి, తన సంచి తెచ్చి అరుగుమీద పెట్టింది.

అమ్మా, అప్పా, ఒక్క పని గుర్తుపెట్టుకోండి. కన్నతల్లి కొడుకు చేతిని తీసుకుపోయి వేరుమీద పెట్టింది. అది నలుగురికీ చెప్పండి, మీ ఇంట్లో మొలిచిన రోజున మీరూ చెయ్యండి.