కాలువ నీళ్లకు దేవదారు

భూమన్న పటాలం నుంచి సెలవుకొచ్చినప్పుడు మంచుకొండల్లోంచి తెచ్చి నాటిన దేవదారు మొక్క మోకాలెత్తు పెరిగింది. యుద్ధం ముగిశాక భూమన్న జాడే లేదు. ఎండలు ముదిరేసరికి మొక్కకున్న సూదుల్లాంటి ఆకులు పసుపుబారాయి. తండ్రి ముత్తన్న చెరకు రైతు. వాడిన మొక్కకు నీళ్లే మందని ఎరిగినవాడు. కాలువ నీళ్లు మళ్లించి మడి నిండా కట్టాడు. ఆకులు ఇంకా ఎక్కువగా రాలాయి.

చివరికి ఓ కొమ్మ తుంచుకుని బోధన్‌లో మొక్కలమ్మే మాలి దగ్గరికి పరుగెత్తాడు.

"గిది సలి కొండల చెట్టు, అన్నా. నీళ్లు నిలిచి వేరు మురిగింది. ఇగ బతకది," అన్నాడు మాలి.

"మందేమన్న ఉన్నదా?"

"ఉంటే ఇయ్యనా?"

ఇంటికొచ్చేసరికి భార్య రుక్మాబాయి మొక్క మీద తన చీరతో పందిరి వేసి, బిందె ఎత్తి నిలబడి ఉంది.

"మాలి ఏమన్నడు?"

"నీళ్లు పొయ్యద్దన్నడు."

"గింత ఎండల ఎండబెట్టి సంపుమంటవా? నా కొడుకు పెట్టిన చెట్టు. సూడు, వాసన సుత పోలే."

ఆకు నలిపి అతని ముక్కు దగ్గర పెట్టింది. ఘాటైన వాసన. ముత్తన్నకు నిజం చెప్పడానికి నోరు రాలేదు, బిందె లాక్కోవడానికి చేతులూ రాలేదు. ఆమె బిందె వంచింది.