వన్‌వేలో సిమెంటు బస్తా

బుగ్గమ్మకు ఒళ్ళు మండిపోతోంది. మొగుడు హనుమప్ప కాలు విరిగి ఆసుపత్రికి పోయి గంటైంది. తోటి కూలీ భాను ఆటోలో వేసుకుపోయాడు. తనేమో ఇంకా ఈ అశోక్‌నగర్ సందు మొగదలలోనే ఉంది. ట్రాఫిక్ కానిస్టేబుల్ మాసయ్య కాగితం రాయడం అయ్యేదాకా కదలొద్దన్నాడు.

పోయిన వారమే కదా, ఇదే వన్‌వేలో ఎదురొచ్చాడని ఈ మాసయ్యే హనుమప్ప సైకిల్ ఆపి రెండు చక్రాల గాలీ తీసేసింది! "సైకిలైతే రూల్ లేదనుకున్నవా? వన్‌వే అందరికీ వన్‌వేనే. ఇటు పోవాల్నంటే దిగి నడిపించుకుంట పో" అన్నాడు.

హనుమప్ప అసలే భయస్తుడు. ఆ రోజు నుంచి సందు మొదట్లోనే దిగేవాడు. ఈ పొద్దున కూడా అంతే. చిక్కడపల్లిలో కొన్న సిమెంటు బస్తా సీటు మీద అడ్డంగా వేసి, హ్యాండిల్ పట్టుకుని ఆయన నడుస్తున్నాడు. బస్తా జారకుండా బుగ్గమ్మ వెనక నుంచి పట్టుకుంది. అంతలో ఆ సందులోనే ఉండే జగన్నాథరావు గారి కారు, ముప్పై అని రాసిన స్పీడు బోర్డు పక్క నుంచే, రయ్యిమని ఎదురొచ్చింది. గుద్దిన గుద్దుకు హనుమప్ప పోయి గోడకు కొట్టుకుని పడ్డాడు.

"రాసుడైంది. వేలిముద్ర వెయ్యి" అన్నాడు మాసయ్య.

"ఏం రాసినవో సదువు సారూ."

"సైకిల్ తొక్కుకుంట వన్‌వేల ఎదురొచ్చి కారును గుద్దిండు. తప్పు సైకిలాయనదే."

"తొక్కిండా! నడుచుకుంట వస్తుండె. నా చెయ్యి బస్తా మీదనే ఉండె!"

"పెండ్లానివి, నువ్వు గట్లనే అంటవ్. ముద్ర వేసి సైకిల్ తీస్కపో. లేకుంటే సైకిల్ ఠాణాకు పోతది."

ముద్ర వేస్తే తప్పంతా మంచం మీదున్న మనిషి నెత్తిన పడుతుంది. కాలు విరగ్గొట్టినవాడు దర్జాగా ఇంటికి పోతాడు. ఎంత అన్యాయం!

"కారు ఎంత స్పీడ్‌ల వచ్చిందో రాసినవా? ముప్పై అని లేదా ఆడ? అంకెలు నాకూ ఎరుకే."

"నేనేమన్న చూసిననా?"

"మా ఆయన తొక్కుడు చూసినవా మరి?"

కారు పక్కనే నిలబడ్డ జగన్నాథరావుకు ఓపిక నశించింది.

"ఏందమ్మా ఈ లొల్లి? నా కారు సంగతేంది? సీటు మీదున్న సిమెంటు బస్తా ఎగిరొచ్చి బానెట్ మీద పడ్డది. అద్దం పగిలింది. మాసయ్యా, అది కూడా రాయి. ఇన్సూరెన్స్‌కు కావాలె."

మాసయ్య రాశాడు. బుగ్గమ్మ చెవులు నిక్కబొడుచుకున్నాయి.

"ఏడున్న బస్తా అన్నవు సారూ?"

"సీటు మీద! నా కండ్లతోని చూసిన."

"రాసినవా, మాసయ్య సారూ?"

"రాసిన."

"బస్తా సీటు మీదుంటే, మా ఆయన ఏడ కూసొని తొక్కిండు?"

మూగిన జనంలో కోచింగ్ సెంటర్ పిల్లలెవరో ఫక్కున నవ్వారు. మాసయ్య సిమెంటు కొట్టుకుపోయిన బానెట్‌ను చూశాడు, చేతిలో కాగితాన్ని చూశాడు. దాన్ని చింపేసి ఇంకోటి తీసుకున్నాడు. 'నడిపించుకుంటూ' అని రాసి, ఈసారి అడగకముందే గట్టిగా చదివి వినిపించాడు. బుగ్గమ్మ వేలిముద్ర వేసింది.

అంతటితో కోపం చల్లారితేనా! పుస్తెలతాడుకున్న పిన్నీసు లాగి, కారు ముందు చక్రం దగ్గర గొంతుక్కూర్చుంది.

"ఏయ్, ఏం చేస్తున్నవ్!" అని అరిచాడు జగన్నాథరావు. "మాసయ్యా, చూస్తున్నవా?"

"గాలి తీస్తున్న. రూల్ అందరికీ ఒక్కటేనట కద!"

చక్రం బుస్సుమంది. మాసయ్య అటు తిరిగి ముప్పై బోర్డును చూస్తూ నిలబడ్డాడు. మొగుడి సైకిలుకు రెండు చక్రాల గాలి తీశారు కాబట్టి, బుగ్గమ్మ కూడా రెండే తీసి, సైకిల్ నడిపించుకుంటూ ఆసుపత్రికి పోయింది.