కారాల్సిన గొట్టాలు

ఎక్కడైనా చుక్క కారుతుంటే మా బావకి నిద్ర పట్టదు. జీవితమంతా కుళాయిలు బిగించి బతికిన మనిషి. ఎవరైనా భోజనానికి పిలిస్తే ముందు వాళ్ళ వంటగది సింకు కిందికి తొంగి చూస్తాడు, ఆ తర్వాతే పళ్ళెం వైపు. అందరూ ఆయన్ని ‘వాషర్ మాస్టారు’ అంటారు. మోకాళ్ళు అరిగి మేడ మీది ట్యాంకులు ఎక్కలేకపోయాక పిలిచేవాళ్ళు లేకుండా పోయారు. లోకం తీరే అంత, మోకాళ్ళు ఆడినన్నాళ్ళే మాస్టారు. పని లేక, బాగున్న కుళాయిల్నే విప్పి మళ్ళీ బిగిస్తూ కూర్చుంటే మా అక్క నా దగ్గరికొచ్చింది.

“ఒరేయ్, మీ బావని ఎక్కడైనా పనిలో పెట్టరా. ఇంకో నెల ఇలాగే ఉంటే ఆ ఇంట్లో కుళాయిలైనా మిగలవు, నేనైనా మిగలను.”

నేను డ్యాములో గేజీలు చూసే మనిషిని. డ్యాము అంటే జనానికి తెలిసింది గేట్లెత్తినప్పుడు దూకే నీళ్ళే. ఆ నీళ్ళ ముందు నిలబడి ఫోటోలు దిగేవాళ్ళలో ఒక్కడికైనా తెలుసా, ఆ కాంక్రీటు పొట్టలో ఈ చివరి నుంచి ఆ చివరికి ఒక సొరంగం ఉందని? గ్యాలరీ అంటాం. మా ఇంజనీరు మేడంని బతిమాలి, ఆ గ్యాలరీ ఊడ్చే పనిలో బావని పెట్టించాను. ఆవిడ ఒకటే మాట అంది.

“ఊడవడం వరకే. అక్కడున్న దేని మీద చెయ్యేసినా ఆ రోజే గేటు బయట. మీ బావగారని చూడను.”

బావ బాగానే కుదురుకున్నాడు. ఇంట్లో గొడవలు తగ్గాయి. అక్క ముఖం తేటపడింది. నాకు మంచి జరిగితే అనుమానం, అయినా కాస్త ఊపిరి పీల్చుకున్నాను. అక్కడే పప్పులో కాలేశాను.

ఆ సోమవారం పొద్దున్నే కిందికి దిగాను. గ్యాలరీ నేల మీద వరసగా గొట్టాలు పైకి తేలి ఉంటాయి. డ్యాము అడుగున రాతిలోకి చేరిన నీరు వాటిలోంచి పైకొచ్చి, పక్కనున్న కాలవలో పడుతుంది. ఆ రోజు కాలవ సన్నబడింది. తెలియనివాడైతే సంతోషించేవాడే. నేను మాత్రం గేజీ దగ్గరికి పరిగెత్తాను. నీటి ఒత్తిడి చూపించే గేజీలో ముల్లు నేనెన్నడూ చూడని చోటికెక్కి కూర్చుంది. బయటికి రాని నీరు లోపలే చేరి, డ్యాముని కింది నుంచి పైకి నెడుతోందన్నమాట. గోడకున్న ఫోనెత్తి మేడంకి చెప్పాను. “వస్తున్నా, అక్కడే ఉండండి” అంది.

ఫోను పెట్టి మలుపు తిరిగితే కనపడ్డాయి. గొట్టాల మూతికి ఇనప మూతలు. మర చుట్ల మీద తెల్ల టేపు చుట్టి, కొస కనపడకుండా నున్నగా అణిచిన పనితనం. ఇంక సంతకం ఎందుకు?

పానా పట్టుకుని బావే ఎదురొచ్చాడు, పెళ్ళికొడుకులా వెలిగిపోతూ.

“చూశావా బామ్మర్దీ! ఇన్నాళ్ళూ మీ అందరి ముక్కు కిందే కారుతోంది, ఒక్కడికీ పట్టలేదు. ఆదివారం వచ్చి బిగించేశా. ఇంట్లో ఊరికే పడున్న మూతలే!”

“నీకు దణ్ణం పెడతా, ఆ పానా ఇటివ్వు. మేడం వచ్చేలోపు విప్పేద్దాం.”

“ఎందుకు?”

“ఎందుకా? గేటు బయటికి పోతావు కనక. అక్కకి ఏం చెప్తావు?”

పానా వెనక దాచుకున్నాడు. “దొంగతనం చేశానా? నా చేతి పని నేనే చూపిస్తా.”

అంతలోకే మేడం వచ్చేసింది. గేజీ చూసింది. మూతలు చూసింది. కోపంతో ముఖం ఎర్రబడింది.

“ఎవరు చేశారు?”

“నేనేనమ్మా” అన్నాడు బావ. “కారుతోంది కదా.”

ఆవిడ బావ చేతిలోని పానా వైపు చూసి ఏదో ఆలోచించింది.

“మీరు గీజర్లు బిగించారా?”

“లెక్కే లేదమ్మా.”

“నీళ్ళు కాగేటప్పుడు సేఫ్టీ వాల్వు చుక్కలు కారుస్తుంది. దాన్ని మూసేస్తారా?”

“అయ్యో, ఎవడైనా మూస్తాడా! ఒత్తిడి పెరిగి ట్యాంకు పేలి…”

బావ గొట్టాలకేసి చూశాడు, తల మీదున్న అంత కాంక్రీటుకేసి చూశాడు. అక్కడే నేల మీద చతికిలబడ్డాడు. “నేను పోతానమ్మా. గేటు దాకా ఎవరూ రానక్కర్లేదు.”

“ముందు విప్పండి. మెల్లగా, ఒక్కొక్కటే” అని బావతో చెప్పి, “మీరు గేజీ చూస్తూ చెప్పండి” అంది నాతో.

ఒక్కో మూత విప్పుతుంటే నీరు గలగలమని దూకింది. ముల్లు దిగుతోంది, నేను అరిచి చెప్తున్నాను. చివరికి పాత చోటికి వచ్చింది. బావ ఇంకో గొట్టం దగ్గర వంగాడు. “ఇది నేను మూయలేదమ్మా. సున్నం పేరుకుని దానంతటదే మూసుకుంది.”

“తెలుసు. అలాంటివి ఇంకా బోలెడున్నాయి. శుభ్రం చేయడానికి మనిషి కావాలని పైకి రాసి రాసి నా చెయ్యి పడిపోయింది.” విప్పిన మూతల వైపు చూసింది. “జరిగింది ఉన్నదున్నట్టు రాస్తాను, మీ తప్పుతో సహా. కానీ మీరు మానెయ్యొద్దు. రేపటి నుంచి చీపురు పక్కన పెట్టండి. ఈ గొట్టాలన్నీ కారేలా చూడడమే మీ పని.”

“జన్మంతా కారకుండా కట్టానమ్మా. ఇప్పుడు కార్పించాలా?”

“కార్పించాలి.”

పైవాళ్ళు ఆవిడనేమన్నారో నాకు తెలీదు, ఏమీ అనకుండా ఉండే రకం మాత్రం కాదు. బావ పని బావకుంది, నాకది చాలు.

మొన్న వాళ్ళింటికి వెళ్ళాను. వంటగదిలో కుళాయి టప్ టప్ మంటోంది. బావ కుర్చీలో కాళ్ళు చాపుకుని హాయిగా వింటున్నాడు.

“సిగ్గులేదూ, ప్లంబరు ఇల్లు చూడు!” అంది అక్క.

“కారనివ్వవే” అన్నాడు బావ. “ఒత్తిడి తగ్గుతుంది.”

అక్క గరిటె ఎత్తింది గానీ, నవ్వొచ్చి దించేసింది. నేను లేచి కుళాయి కట్టబోయి, ఎందుకులే అని మళ్ళీ కూర్చున్నాను.