నూటికి రెండు

మనవరాలిని మట్టికిచ్చి వచ్చిన మూడో రోజే చీటీలక్క పనిలోకి దిగింది. దిగకపోతే రోజుకు మూడువందల యాభై కూలి పోవడమే కాదు, ఆమె స్టూలు మీద మరొకరు కూర్చుంటారు. ఆ పెద్ద కొట్లో సరుకుల మీద ధరల చీటీలు అంటించేది ఆమే. అందుకే ఆ పేరు.

"వచ్చావా అక్కా! తగ్గింపు ఇవాళే మొదలు. ముందు పాలపొడి డబ్బాలు కానియ్," అంటూ మేనేజరు రెండు చీటీల చుట్టలు బల్లమీద పెట్టాడు. ఆమె ముఖంలోకి చూడలేదు. పిల్ల పోయిందని తెలిసి రెండు వందలు పంపించినవాడే.

మొదటి చుట్టలో ఏడువందలు అని ఉంది. రెండోదాంట్లో నూటికి ముప్పై తగ్గింపు, నాలుగువందల తొంభై.

డబ్బా అసలు ధర అయిదువందలు.

పురుటి తర్వాత జ్వరం తగిలి కూతురికి పాలు ఇంకిపోయాయి. డబ్బాపాలే దిక్కు. నూటికి ముప్పై తగ్గిస్తారని కొట్లో విన్న రోజున చీటీలక్క పరుగులాంటి నడకతో ఇంటికి వెళ్లింది.

"ఒక్క వారం ఓర్చుకోవే. మూడొందల యాభైకే వస్తుంది. నా ఒక్కరోజు కూలితో డబ్బా వచ్చేస్తుంది."

"ఉన్నది వారం రాదమ్మా."

"రెండు చెంచాలేసే చోట ఒకటెయ్యి. నీళ్లు కాస్త ఎక్కువ పొయ్యి. వారమేగా!"

కూతురు అలాగే చేసింది. మూడోరోజుకు పిల్ల ఏడుపు మానేసింది. ఊరుకుందని ఇద్దరూ సంతోషించారు. అయిదోరోజు ఆసుపత్రిలో డాక్టరమ్మ "పాలెలా కలుపుతున్నారు?" అని అడిగింది. పొద్దువాలేలోగా అంతా అయిపోయింది.

చీటీలక్క ఏడో తరగతిదాకా చదివింది. అయిదువందల్లోంచి నాలుగువందల తొంభై తీసేస్తే పది. అయిదువందలకు పదంటే నూటికి రెండు. తప్పేమో అనుకుని మళ్లీ వేసింది. మళ్లీ రెండే వచ్చింది.

"సార్, ఈ డబ్బా ఏడొందలు ఎప్పుడైంది?"

"నువ్వు అంటిస్తే అవుతుంది," మేనేజరు నవ్వాడు. "ఆ తర్వాత తగ్గుతుంది. తొందరగా కానియ్."

"నేను అంటించను సార్."

"ఏమన్నావ్?"

"అంటించను." చుట్టలు రెండూ అతని ముందుకు నెట్టి లేచింది. "ఇవాళ్టి కూలి కోసుకోండి" అనేసి బయటికి నడిచింది.

కూతురు గడపలో కూర్చుని ఉంది. "అప్పుడే వచ్చేశావేం?"

తల్లి చెప్పులు విప్పి గడప పక్కన పెట్టింది.

"తగ్గిందా అమ్మా? ఎంత తగ్గింది?"

అబద్ధం చెబుదామనే అనుకుంది చీటీలక్క. మూడొందల యాభై అంటే దేనికోసమో ఆగామన్న ఊరటైనా కూతురికి మిగులుతుంది. కానీ ఆ కళ్లలోకి చూస్తూ చెప్పలేకపోయింది.

"పది."

కూతురు ఏడవలేదు. ఖాళీ ఒడిలోకి చూసింది. తర్వాత మెల్లగా అంది: "వెనకింటి కోడలు కూడా బిడ్డకి పాలడబ్బా కొనకుండా ఆగిందమ్మా. నువ్వు చెప్పావనే."

చీటీలక్క చెప్పులు కూడా వేసుకోలేదు. ఎండకు కాలిపోతున్న సందులో పరుగెత్తి, వెనకింటి తలుపు రెండు చేతులతో బాదింది.