తెర మీది బుజ్జి

ఆ దర్జీ ఆవిడ ముందుగదిలో మిషను వేసుకుని కుట్టేది. లోపలి గదిలో తల్లి. రెండేళ్లుగా మతిమరుపు ముదిరి, కన్నకూతుర్నే పోల్చుకోలేక, "కొలతలివ్వడానికొచ్చావా అమ్మా?" అని అడిగేది. మొదట్లో కూతురు నవ్వేసింది. తర్వాత ఏడ్చింది. ఆ తర్వాత రెండూ మానేసి "ఔనండీ" అనడం నేర్చుకుంది.

నిరుడు ఒక దర్శకుడు దర్జీల మీద డాక్యుమెంటరీ తీస్తూ ఆవిణ్ణి వారం రోజులు చిత్రీకరించాడు. "మేం లేమనుకోండి. రోజూ ఎలా ఉంటారో అలాగే ఉండండి" అన్నాడు. మొదట్లో ధ్యాస చెదిరి రెండు కాలర్లు పాడయ్యాయి గానీ, మూడోనాటికి ఆవిడ నిజంగానే కెమెరాను మర్చిపోయింది.

సినిమా పూర్తయ్యాక పెన్ డ్రైవ్‌లో పంపించాడు. టీవీకి తగిలించగానే తల్లి ముఖం చాటంతయింది.

"మా బుజ్జే! ఎంత చిక్కిపోయిందో!"

అసలు బుజ్జి పక్కనే నిలబడి ఉంది.

అది మొదలు రోజూ అదే సినిమా. తెర మీద కూతురు కనబడితేనే తల్లికి ముద్ద దిగేది. ఇరవయ్యారు నిమిషాలూ కూతురికి కంఠతా వచ్చేశాయి.

ఒక మధ్యాహ్నం లైనింగు గుడ్డ కత్తిరిస్తుంటే లోపలి నుంచి తన గొంతే వినబడింది.

"అమ్మా, మాత్ర వేసుకున్నావా?"

కత్తెర ఆగిపోయింది. ఆ మాత్ర డాక్టరు రాసింది పోయిన నెల. పరుగున వెళ్లి చూస్తే, తెర మీద తాను ఎప్పటిలాగే సూదిలోకి దారం ఎక్కిస్తోంది. తల్లి గ్లాసు కింద పెడుతూ, "వేసుకున్నానే" అంది.

దర్శకుడికి ఫోన్ చేసింది.

"అలాంటి మాట మీరు అన్లేదండీ. ఎడిటింగులో వందసార్లు చూశాను" అన్నాడతను.

ఫోన్ పెట్టేసి పెన్ డ్రైవ్ పీకి బీరువాలో పడేసింది. రెండు రోజులు తల్లి పచ్చి మంచినీళ్లు ముట్టలేదు. నల్లటి తెరకేసి "బుజ్జీ, బుజ్జీ" అని పిలుస్తూనే ఉంది. మూడోరోజు కూతురు తానే ఓడిపోయి మళ్లీ తగిలించింది. ఈసారి ముందుగదిలోకి పోలేదు. గుండె దిటవు చేసుకుని తల్లి మంచం పక్కన నిలబడింది.

తెర మీది మనిషి మిషను ఆపి తలెత్తింది. అలా తలెత్తే ఘట్టం ఆ సినిమాలో లేదు.

"ఎవరే ఈవిడ? గంట నుంచీ ఇక్కడే నిలబడింది" అని తల్లి తెరనే అడిగింది.

"తెలిసినావిడే అమ్మా. కూర్చోనీ" అంది తెర మీది మనిషి.

తల్లి జరిగి చోటిచ్చింది. "మా బుజ్జి చెప్పిందిగా, రా" అంటూ చెయ్యి పట్టుకుని పక్కన కూర్చోబెట్టుకుంది.

ఆ పూట కూతురు కలిపి పెడితే పళ్లెం ఖాళీ చేసింది తల్లి. పెడుతున్నంతసేపూ కూతురు మాత్రం తెర వైపు తల తిప్పలేదు. తెర మీద ఆగిన మిషను చప్పుడు ఇంకా మొదలుకాలేదు.