మల్లప్ప వీపు

వసుధ మదనపల్లెలో నా దగ్గర చరిత్ర చదివింది. 1991లో ఆమె తీసిన తొలి డాక్యుమెంటరీ, ఉద్యోగాలు వదిలేసి కుప్పం దగ్గర కలిసి సేద్యం చేసుకుంటున్న యువతీయువకుల గురించి. వాళ్లకు చూపకుండానే దాన్ని కుప్పంలో ప్రదర్శించింది. తెరమీద కూతుర్ని గుర్తుపట్టిన ఒక తండ్రి మరునాడే ఆ అమ్మాయిని ఇంటికి తీసుకుపోయాడు. కొద్ది నెలల్లో ఆ బృందమే చెదిరిపోయింది. అందువల్ల వసుధ ఒక నియమం పెట్టుకుంది: చిత్రంలో ఉన్నవాళ్లే ముందు చూడాలి, ఎవరు వద్దన్నా ఆ భాగం తీసేయాలి.

రెండో చిత్రానికి ఆ నియమమే గండమైంది. సోమల దగ్గరి ఒక పల్లెలో ఆడవాళ్లు సారా అంగడి మూయించిన కథ అది. వసుధ కెమెరా ఎదుటే రెడ్డెమ్మ తన భర్త మల్లప్పను చీపురుతో కొట్టి అంగడి నుంచి తరిమింది. అది చూసే మిగిలిన ఆడవాళ్లు కదిలారు. ఆ దృశ్యం లేకపోతే తర్వాత జరిగినదానికి కారణమే కనిపించదు. మల్లప్ప వద్దంటే రెండేళ్ల శ్రమ వృథా. "ఇదీ పోతే ఇంక కెమెరా ముట్టుకోను మేడమ్" అంది వసుధ నాతో.

పుంగనూరు నుంచి టీవీ, వీసీఆర్ ఆటోలో తెచ్చి, ఆ పల్లెలో ఖాళీగా ఉన్న పట్టుపురుగుల షెడ్డులో పెట్టాం. అప్పటికి తాగుడు మానేసిన మల్లప్ప ముందువరసలో కూర్చున్నాడు. చీపురు లేవగానే ఆడవాళ్లు పగలబడి నవ్వారు. మల్లప్ప లేచి నిలబడ్డాడు.

"ఆపమ్మా!"

వసుధ వెంటనే బొమ్మ ఆపింది.

"ఈడ నా వీపే ఉండాది. మొగం యాడ?"

"నీకు నామోషీగా ఉంటుందని వెనకనుంచి తీసినానప్పా."

"వీపు సూసి నేనని ఎవరనుకుంటారు? మా తమ్ముడు మునస్వామి వీపు గూడా ఇట్లనే ఉంటాది. వాడింకా తాగతాండాడు. పేరు వానికి పోతాది!"

"తన్నులు తిన్న పేరుకు గూడా పోటీనా నీకు?" అంది రెడ్డెమ్మ.

"కొట్టినదానికి పేరొచ్చినప్పుడు మానినోనికి రాకూడదా? రేపు టమాటాలేసుకోని మదనపల్లె మార్కెట్‌కు పోతాండా. ఆడికి రామ్మా, నా మొగం తియ్యి. ఇదీ ఉండనీ, అదీ ఉండనీ."

వసుధ ఉన్నచోటనే కూలబడి, కళ్లు తుడుచుకుంటూ నవ్వింది.

మర్నాడు టమాటా వేలం మొదలైనా మల్లప్ప తన పెట్టెల దగ్గరికి వెళ్లలేదు. జేబులోంచి దువ్వెన తీసి తల దువ్వుకుని, అడ్డంగా నిలబడిన హమాలీని పక్కకు నెట్టి, కెమెరాకు ఎదురుగా వచ్చాడు.

"ఇప్పుడు తియ్యమ్మా. పేరు గూడా సెప్పాల్నా?"