కొళాయి వరసలో ఓబులమ్మ కుండ

ధర్మవరం మగ్గాల వీధిలో ఫోటో స్టూడియో పెట్టుకున్న జమాల్ సాబ్‌కు కొత్త పిచ్చి పట్టింది. బెంగుళూరులో పాత సినిమా కెమెరా ఒకటి కొని, వీధిలో పొద్దంతా ఎలా గడుస్తుందో నాలుగు నిమిషాల్లో చూపిస్తానని బయల్దేరాడు. మేడ మీద స్టాండు వేసి, ఉండుండి మీట నొక్కుతూ ఒక్కో బొమ్మే తీయాలి. తర్వాత వరసగా ఆడిస్తే పొద్దు పరుగెత్తుతుంది.

ఎనభైల్లో అది కరువు ఏడాది. కొళాయికి నీళ్లు ఎప్పుడొస్తాయో దేవుడికే ఎరుక. మగ్గం వదిలి ఎవరు కూర్చుంటారు? అందుకే మనుషులకు బదులు కుండలు వరసలో నిలబడేవి. ఇంకొకరి కుండ ముట్టడం పెద్ద తప్పు.

వరసలో అన్నిటికన్నా ముందు ఓబులమ్మ కుండ ఉంది. అంచు విరిగిన మట్టికుండ. అది సాబ్ కంటికి నచ్చలేదు. వీధిలో ఎవరూ లేని సమయం చూసి, దిగి, దాన్ని చివర పెట్టి, తన చెల్లెలు హలీమాబీ ఇత్తడి బిందెను ముందుకు లాగాడు. బొమ్మకు మెరుపొచ్చింది. సాయంత్రం సర్దేద్దాంలే అనుకుని మళ్లీ మేడ ఎక్కాడు.

నీళ్లు అంతకు ముందే వచ్చాయి. చివరి కుండ దాకా రాకుండానే ఆగిపోయాయి.

"ఇంట్లో బాలింత ఉండాది, నా కుండను ఎనక్కి నెట్టినావే! నీ చేతులు పడిపోను!" అని ఓబులమ్మ హలీమాబీ మీద పడింది.

"అల్లా మీద ఒట్టు, నేను ముట్టలేదక్కా!"

వీధి నమ్మలేదు. మేడ మీద సాబ్‌కు నోటిదాకా మాట వచ్చింది. కానీ దిగితే బొమ్మల వరస తెగుతుంది. మెరుపు కోసం దిగిన మనిషి చెల్లెలి కోసం దిగలేదు. మీట నొక్కాడు.

ఆ తర్వాత కొళాయి దగ్గర హలీమాబీని పలకరించేవాళ్లే కరువయ్యారు. సాబ్‌కు అన్నం సయించలేదు. అయినా నోరు విప్పలేదు. కడగడానికి బొంబాయి పంపిన రీలు తిరిగొస్తే చెల్లెలు కుండ ముట్టలేదని అందరూ కళ్లారా చూస్తారు కదా అని సరిపెట్టుకున్నాడు. పాము చావాలి, కర్ర విరగకూడదు.

నెల తర్వాత రీలు వచ్చింది. తెల్లగోడ మీద వేశాడు. మనుషులు చీమల్లా ఉరుకుతుంటే జనం పగలబడి నవ్వారు. అంతలో ముందున్న ఓబులమ్మ కుండ రెప్పపాటులో చివరికి పోయింది. ముట్టినవాళ్లు కనబడలేదు. సాబ్ కింద ఉన్నంతసేపూ మీట నొక్కేవాళ్లు లేరు మరి.

"ఆ ముక్క కత్తిరించినావు సాబ్, చెల్లెల్ని కాపాడుకునేకి," అన్నాడు నేతపని తిప్పయ్య.

హలీమాబీ లేచి నిలబడింది. "కత్తిరించింటే అతికిచ్చి చూపీ అన్నా. నేను ముట్టలేదు."

సాబ్ రీలు ఆపాడు. సిగ్గుతో తల ఎత్తలేకపోయాడు. "కత్తిరించలేదు. జరిపింది నేనే. ఇత్తడి మెరుస్తాదని."

ఓబులమ్మ అతని ముందుకొచ్చి నిలబడింది. "కుండ జరిపితివి, సరే. మేము కొట్లాడుకుంటాంటే నువ్వు యాడుండావు?"

"పైనే."

"ఊరికే సూస్తా నిలబడినావా?"

"లేదు," అన్నాడు సాబ్. "బొమ్మలు తీస్తాంటి."

ఆ నెలంతా ఎవరి ముందూ ఏడవని హలీమాబీ అప్పుడు ఏడ్చింది.